రంజని చేసిన దయ్యం

దయ్యం సినిమాకి మేకప్ వేసే పని అనుప్రియకి వచ్చిందని తెలిసిన రోజు రంజని అన్నం ముట్టలేదు. ఏమైందని తల్లి చెంగమ్మ అడిగితే కడుపులో మంటగా ఉందంది. అబద్ధమేం కాదు. కడుపు నిజంగానే మండుతోంది. కాకపోతే ఆ మంటకి మందుల షాపులో మాత్ర దొరకదు.

మండదూ మరి? తట్టాంచావడిలో ఫ్యాక్టరీలకి పోయే రోడ్డు మీద రంజనికి బ్యూటీ పార్లరు ఉంది. దాన్ని పెట్టి పదకొండేళ్ళు. అనుప్రియ ఆమె చిన్నమ్మ కూతురు, వయసులో పన్నెండేళ్ళు చిన్నది. సొంతూరు బాహూరులో మంచి బడి లేదని పదమూడో ఏట వీళ్ళింటికి వచ్చి ఇక్కడే పెరిగింది. కనుబొమల మీద దారం ఆడించడం దగ్గర్నుంచి పెళ్ళికూతురి బుగ్గకి రంగు ఎక్కడ మొదలుపెట్టి ఎక్కడ ఆపాలో దాకా ఆ పిల్లకి నేర్పింది రంజనే. నేర్చుకున్న పిల్ల ఊరుకుందా? చెన్నైకి పోయి మూడు నెలల కోర్సు చేసి, సిలికాన్‌తో పుండ్లు, కాలిన చర్మం, తెగిన వేళ్ళు చేసే విద్య పట్టుకొచ్చింది. ఆ వీడియోలు ఫోన్లో పెట్టింది. లోకమంతా చూసింది. లోకం చూస్తే చూసింది పోనీ, రంజని కుర్చీలో రంజని కోసం కూర్చోవాల్సిన పెళ్ళికూతుళ్ళు కూడా తల తిప్పి "అనుప్రియ లేదా అక్కా?" అని అడగడం మొదలుపెట్టారు. అడిగిన ప్రతిసారీ రంజని నవ్వుతూనే "వస్తుంది, కూర్చో పాపా" అనేది. దారం మాత్రం కాస్త గట్టిగా లాగేది.

సినిమా తీస్తున్నది బట్టల కొట్టు నరేంద్రన్ కొడుకు భువనేశ్. తెలుగువాళ్ళే, తాతల కాలం నుంచి ఈ అరవ ఊళ్ళో వ్యాపారం. పిల్లవాడు కొట్లో కూర్చోనని మొండికేసి సినిమా చదువు చదువుకుని వచ్చాడు. అతను అనుప్రియ వీడియోలు చూసి కబురు పెట్టాడు. ఆ కబురు మోసుకుని అనుప్రియ నేరుగా పార్లరుకే వచ్చింది.

"అక్కా, నువ్వు కూడా రావాల. మెయిన్ దయ్యం నేను చేస్తాను. వైతికుప్పం ఆడోళ్ళు ముప్పై మంది ఉండారు, వాళ్ళకి నువ్వు వేస్తే చాలు. టైటిల్లో నీ పేరు కూడా పెట్టమని చెప్తాను."

"ఏమని పెడతారు?"

"అసిస్టెంట్ అని పెడతారక్కా."

అసిస్టెంటు! తన చేతి కింద పౌడరు డబ్బా మూత తియ్యడం నేర్చుకున్న పిల్లకి తను అసిస్టెంటు! రంజని ఆ మాట మింగలేక, కక్కలేక, తువ్వాలు దులిపింది. తెర మీద అరవ అక్షరాల్లో 'మేకప్' అన్న మాట కింద ఒక్క పేరు పడాలి, అది తన పేరు కావాలి. ఇది ఆమెకి ఈనాటి కోరిక కాదు. అది కాస్తా ఎగిరిపోయి ఎదురింటి వాకిట్లో వాలినట్టయింది. అయినా వస్తానంది. పోకపోతే ఓర్వలేక పోలేదంటారు. అదీకాక, అసూయపడే మనిషికి చూడకుండా ఉండడం ఇంకా కష్టం. ఆ పిల్ల చెయ్యి ఎక్కడ తడబడుతుందో కళ్ళారా చూడాలి.

జాలర్లుండే వైతికుప్పంలో సముద్రానికి నాలుగడుగుల దూరంలో ఒక పాత పెంకుటిల్లు అడిగి తీసుకున్నారు. మొదటి రోజు పొద్దున్నే భువనేశ్ అందర్నీ కూర్చోబెట్టి కథ చెప్పాడు. మశూచితో చచ్చిపోయిన ఆడమనిషి వందేళ్ళ తర్వాత తిరిగొచ్చి తలుపులు తడుతుంది. వీధిలో వాళ్ళు రాళ్ళు రువ్వి తరమాలి. ఇంతే కథ. కథ కన్నా అతని ఉపన్యాసం పెద్దది.

"దయ్యమంటే ఏందనుకుంటుండారు? మా జేజి చెప్తా ఉండె, వాళ్ళ కాలంలో కలరా వచ్చి వీధికి వీధే పొయ్యెనంట. అప్పటి దయ్యం తలుపు కొట్టి పేరు పెట్టి పిలుస్తుంది, పలికినోడు చస్తాడు. మొన్న కరోనాలో మనం మట్టుకు? పాలోడు తలుపు కొడితే తీసేదానికి వణికినాం కదా? సినిమా దయ్యాలకి పుండ్లు, తెల్ల గుడ్లు, నోట్లో నురగ, ఇవన్నీ యాడ్నించి వచ్చె? రోగం నించి వచ్చె. జనం ఏ రోగానికి భయపడతారో, ఆ రోగం ముఖమే దయ్యానికి పెడతారు. రోగమని చూపిస్తే లేచి పోతారు, దయ్యమని చూపిస్తే టికెట్ కొని చూస్తారు."

అనుప్రియ తల ఊపుతూ రాసుకుంటోంది. రంజని కూడా విన్నది. వినీ వినగానే లోపల ఒక నవ్వు పుట్టింది. దాన్ని బయటికి రానివ్వకుండా పెదాలు బిగబట్టింది.

ఎందుకంటే రంజనికి ఇరవయ్యో ఏట అమ్మవారు పోసింది. వాకిట్లో వేపమండ కట్టారు. ఇరుగుపొరుగు వాళ్ళు గడప అవతల చెప్పులు విడిచి, లేత కొబ్బరి బొండాలు పెట్టి, దండం పెట్టుకుని పోయారు. కన్నతల్లి చెంగమ్మ "ఏమే" అనడం మానేసి "తల్లీ, చల్లగా ఉండావా" అని అడిగింది. మూడో నీళ్ళు పోసి లేపేదాకా ఆ పది రోజులూ జరిగిన మర్యాద తర్వాత పెళ్ళిలో కూడా జరగలేదు. అమ్మవారు పోసిన ముఖాన్ని చూసి ఈ తీరంలో ఏ ఆడదీ పారిపోదు. ఆ సంగతి భువనేశ్‌కి తెలియదు, అతను పుస్తకాల్లో చదువుకున్నాడు. అనుప్రియకీ అంతగా తెలియదు. ఆ పిల్ల పడిన జబ్బు వేరు.

చెప్పొచ్చు కదా? చెప్పొచ్చు. ఒక్క మాట చాలు. రంజని ఆ ఒక్క మాటనీ పంటికింద అదిమిపెట్టి, ముప్పై మంది ఆడవాళ్ళ ముఖాలకి దుమ్మురంగు పూసుకుంటూ కూర్చుంది.

అనుప్రియ మాత్రం నాలుగు గంటలు తల ఎత్తలేదు. దయ్యం వేషం మలర్ అనే సన్నటి పిల్లది, నాటకాల్లో వేస్తుంటుంది. ఆ పిల్ల నుదుటి మీద, బుగ్గల మీద ఒక్కో పొక్కూ విడివిడిగా అంటించి, పొక్కు చుట్టూ ఎరుపు, పైన చీము పసుపు, మధ్యలో చిన్న గుంట పెట్టింది. రంజని నీళ్ళ సీసా వంకతో రెండుసార్లు పక్క నుంచి పోయి చూసింది. తప్పు పడదామని పోయింది. తప్పు దొరకలేదు. దొరకనందుకు ఒళ్ళు ఇంకా మండింది.

కెమెరా తిరిగింది. జుట్టు విరబోసుకుని, పసుపు చీరలో, ముఖమంతా పొక్కులతో మలర్ తలుపు తోసుకుని బయటికి వచ్చింది. కుప్పం ఆడవాళ్ళ చేతుల్లో స్పాంజి రాళ్ళు ఉన్నాయి. ముందు నిలబడ్డది కన్నియమ్మాళ్ అని చేపలమ్మే పెద్దావిడ. ఆమె రాయి ఎత్తింది. ఎత్తిన చెయ్యి గాల్లోనే ఆగింది. రాయి జారిపోయింది. రెండు చేతులూ జోడించి, నాలుక తిప్పుతూ పూనకం వచ్చినట్టు కూత పెట్టింది. ఆ వెనక ముప్పై గొంతులు అందుకున్నాయి. ఒకామె పరిగెత్తి వేపకొమ్మ విరుచుకొచ్చింది. ఇంకొకామె మలర్ కాళ్ళ మీద పడి, కోడలికి నెల తప్పడం లేదని మొరపెట్టుకుంది. మలర్ ఏం చెయ్యాలో తెలియక దీవించింది.

"భయపడండి! భయపడాల!" అని భువనేశ్ గొంతు చించుకున్నాడు.

"అమ్మ మీద రాయి వెయ్యమంటావా? నీ వంశం నిలబడుతుందా?" అని కన్నియమ్మాళ్ అరవంలో అతన్నే కసిరింది.

ఆరుసార్లు తీశారు. ఆరుసార్లూ హారతి ఇచ్చినంత పని చేశారు. రంజని చాటుగా గోడవైపు తిరిగి కడుపారా నవ్వుకుంది. ఆ సంతోషం ఎంతసేపు? షాటు ఆపగానే ఆడవాళ్ళంతా అనుప్రియ చుట్టూ మూగారు. "అమ్మ నీ చేతిలో దిగింది" అంటూ కన్నియమ్మాళ్ ఆ పిల్ల వేళ్ళు తీసుకుని కళ్ళకి అద్దుకుంది. చూడండి మరి, పని చెడగొట్టుకుని కూడా పూజ చేయించుకుంది! రంజని పదకొండేళ్ళలో ఎన్ని ముఖాలు దిద్దింది, ఆమె వేళ్ళని ఎవరైనా అలా కళ్ళకి అద్దుకున్నారా?

ఇల్లు ఇంకొక్క రోజే ఇస్తామన్నారు. భువనేశ్ తల పట్టుకుని మెట్ల మీద కూర్చున్నాడు. రంజని వెళ్ళి ఎదురుగా నిలబడింది.

"తమ్ముడూ, రేపు పొద్దున మలర్‌ని నాకు రెండు గంటలు ఇయ్యి. పుండ్లు, పొక్కులు ఏమీ వద్దు."

"అవి లేకుంటే భయం యాడ ఉంటుందక్కా?"

"ఈ ఆడోళ్ళు దేనికి భయపడతారో నాకు తెలుసు. నేను చేసి చూపిస్తాను. అయితే మేకప్ కింద పేరు నాదొక్కటే ఉండాల."

భువనేశ్ ఇబ్బందిగా అనుప్రియ వైపు చూశాడు. అనుప్రియ బ్రష్షులు కడుగుతోంది. "అక్క పేరే పెట్టండి సార్" అంది, తల తిప్పకుండా. పోట్లాడి లాక్కుందామని నడుం కట్టుకుని వస్తే, ఊరికే చేతిలో పెట్టేసింది. రంజనికి అది ఇంకో అవమానంగా తోచింది.

మరునాడు పొద్దున ఆరున్నరకే రంజని మలర్‌ని కుర్చీలో కూర్చోబెట్టింది. ముప్పై మంది ఆడవాళ్ళకి దుమ్మురంగు పూసే పని ఇవాళ అనుప్రియది. మధ్యలో తెర కట్టించింది రంజని.

ఆమె ఏం చేయబోతోందో ఆమెకి రాత్రే తెలుసు. ఆ ముఖం కంఠతా వచ్చు.

అనుప్రియకి పదిహేడో ఏట టీబీ వచ్చింది. దానికి వేపమండ కట్టలేదు, ఎవరూ దండం పెట్టలేదు. వెనక గదిలో చాప వేసి తలుపు దగ్గరికి వేశారు. పిల్ల బాహూరు పోయిందని వీధిలో చెప్పారు. చెంగమ్మ తెల్లవారకముందే ఆసుపత్రికి పోయి మాత్రలు తెచ్చేది. మాత్రలు వేసుకుంటే కొన్ని వారాలకే ఇంక అంటదని నర్సు చెప్పింది. చెప్తే నమ్మిందెవరు? చెంగమ్మ గడప దగ్గర పళ్ళెం పెట్టి జరిగేది. తిన్నాక అనుప్రియ ఆ పళ్ళేన్ని వేళ్ళతో బయటికి తోసి చెయ్యి వెనక్కి తీసుకునేది. ఆరు నెలలు అలాగే. అప్పుడే రంజని పార్లరు తెరిచింది. ఒకరి ముఖం ఒకరి చేతిలో పెట్టే పని. ఇంట్లో టీబీ ఉందని పొక్కితే ఆ కుర్చీలో ఈగ కూడా వాలదు. రంజనిని తప్పుపట్టాలంటే ముందు ఆ కుర్చీ వెనక నిలబడి చూడాలి, అని రంజని తనకి తానే చాలాసార్లు చెప్పుకుంది.

బుగ్గ ఎముకల కింద నీడ పెట్టింది. కళ్ళ కింద జ్వరం ఎరుపు, రవ్వంతే. పెదాలు ఎండబెట్టింది. మెడ కింది గుంటలు లోతు చేసింది. తలకి నూనె పట్టించి రెండు జడలు బిగించి అల్లింది. పాత ఊదారంగు స్వెట్టర్ ఒకటి ఇంటి నుంచి తెచ్చింది. చేతిలో సత్తు పళ్ళెం పెట్టింది.

"గడప మీద కూర్చో. పళ్ళెం వేళ్ళతో బయటికి తొయ్యి, చెయ్యి లాక్కో. అరవద్దు, దగ్గద్దు. ఊరికే చూడు" అని మలర్‌కి చెప్పింది.

"ఎట్ల చూడాలక్కా?"

"కోపంగా. నేనొక్కదాన్నే చావాల్నా, మీరు రారా, అన్నట్టు చూడు."

రిహార్సల్ పెట్టారు. మలర్ గడప మీద కూర్చుని పళ్ళెం తోసింది. నేల మీద సత్తు గీసుకున్న చప్పుడు వచ్చింది. అంతే. ఒక్క గొంతు లేవలేదు. నిన్న కాళ్ళ మీద పడ్డ ఆడవాళ్ళు ఎవరూ చెప్పకుండానే ఒక అడుగు వెనక్కి వేశారు. కన్నియమ్మాళ్ కొంగు ముక్కుకి అడ్డం పెట్టుకుంది. పక్కావిడ చంకలో బిడ్డ ముఖాన్ని తన భుజానికేసి తిప్పుకుంది. ఏ వీధిలోనైనా, ఏ ఇంట్లోనైనా వెనక గది ఒకటి ఉంటుంది. దాన్ని గుర్తుపట్టడానికి ఉపన్యాసం అక్కర్లేదు.

"అక్కా!" భువనేశ్ చేతులు చూపించాడు. "చూడండి, వెంట్రుకలు నిలబడినాయి. ఒక్క పుండు లేదు, ఏంది అక్కా ఇది!"

రంజనికి ఒళ్ళంతా చల్లబడింది. ఎన్నాళ్ళ తర్వాత! ఆమె భువనేశ్ వైపు చూడలేదు. అనుప్రియ కోసం చూసింది. ఆ ముఖం మాడిపోతే చూడాలి, తన కడుపులో మండిన మంటలో ఒక్క చారెడు ఆ పిల్ల కడుపులో కూడా మండితే చాలు.

అనుప్రియ ఆడవాళ్ళ మధ్యలో, పఫ్ చేతిలో పట్టుకుని నిలబడి ఉంది. మలర్ స్వెట్టర్‌ని చూస్తోంది. జడల్ని చూస్తోంది. ముఖం మాడలేదు. మెల్లగా నడిచి వచ్చి మలర్ ముందు కూర్చుని, గడ్డం పట్టుకుని వెలుతురుకి తిప్పింది.

"అంతా సరిగ్గానే ఉండాదక్కా" అంది. "కళ్ళు మట్టుకు తప్పు."

"ఏం తప్పు?" రంజని గొంతు పదునెక్కింది. ఆ పిల్ల మేస్త్రీ అయి తప్పులు దిద్దుతుందా!

"కోపం పెట్టినావు. నాకు కోపం లేదక్కా. నువ్వు పార్లరు నించి వచ్చి దినమూ ఆ గది కిటికీ కాడ నిలబడతా ఉంటివి కదా? ఇవాళ అన్నా లోపలికి వస్తావేమో అని చూస్తా ఉంటిని. అది దూరం నించి నీకు కోపంగా కనిపించినట్టుండాది." అనుప్రియ సంచిలో నుంచి చిన్న బ్రష్షు తీసింది. "ఈడ రవ్వంత తుడిచేస్తే సరిపోతుంది. తుడవనా?"

భువనేశ్‌కి సగమే అర్థమైంది. "కోపం ఉంటేనే భయం వస్తుంది... అయినా అక్క ఇష్టం. అక్క ఏమంటే అది" అన్నాడు.

ఇద్దరూ రంజని నోటి కేసి చూశారు. ఆమెకి పాత మంట ఎగదన్నుకొచ్చింది. పెళ్ళికూతుళ్ళు ఆ పిల్ల పక్షమే, కళ్ళకి అద్దుకున్న చేతులు ఆ పిల్లవే, చివరికి ఈ జబ్బు కూడా ఆ పిల్లదే. ఈ ఒక్క ముఖం తను చేసింది, దీన్ని కూడా ఆ బ్రష్షుకే అప్పగించాలా?

"ముట్టొద్దు. కళ్ళు అట్నే ఉండనీ" అంది రంజని.

"సరి అక్కా." అనుప్రియ బ్రష్షు సంచిలో పెట్టుకుని కెమెరా వెనక్కి వెళ్ళిపోయింది.

మలర్ పెదాల మీద తడి చేరితే తుడవాలని, రంజనిని ఆడవాళ్ళ పక్కనే, కెమెరాకి అందకుండా నిలబడమన్నాడు భువనేశ్. షాటు మొదలైంది. మలర్ గడప మీదికి వచ్చింది. పళ్ళెం పెట్టింది. వేళ్ళతో తోసింది. చెయ్యి వెనక్కి లాక్కుని తల ఎత్తింది. ఎత్తి, ఎదురుగా ఉన్న వాళ్ళలో ఎవరో ఒకరిని చూడాలి కదా, రంజనిని చూసింది.

కోపంగా చూడమని చెప్పింది తనే. ఆ కళ్ళకి రంగు పెట్టింది తనే. ఆ కళ్ళు తనవైపు తిరిగాక అందులో కోపం ఎక్కడుందో రంజనికి కనిపించలేదు.

"కట్! సూపర్!" అని భువనేశ్ గంతేశాడు. ఒక్కటే టేకు. అందరూ చప్పట్లు కొట్టారు. అతను మానిటర్ ముందు కూర్చుని మళ్ళీ వేసి చూసుకున్నాడు. చూస్తూ చూస్తూ ఒకచోట ఆపాడు.

"అక్కా, ఇట్ల రండి. మీరు ఫ్రేములోకి వచ్చేసినారు."

రంజని వెళ్ళి చూసింది. ఆడవాళ్ళు ఒక అడుగు వెనక్కి వేశారు. ఆ చివర, ఆకుపచ్చ చీరలో, తుడిచే గుడ్డ చేతిలో పట్టుకుని ఒకామె రెండడుగులు వేసి ఆడవాళ్ళ మధ్యకి వచ్చేసింది. ఆ గుడ్డ ముక్కుకి అడ్డం పెట్టుకుంది. పైన కళ్ళు మాత్రం కనిపిస్తున్నాయి. తను ఎప్పుడు కదిలిందో, ఆ గుడ్డ ముక్కు దాకా ఎప్పుడు పోయిందో రంజనికి తెలియదు. ఆ కళ్ళ మీద నుంచి ఆమె చూపు తిప్పుకుంది.

"తీసెయ్యి తమ్ముడూ. ఇంకోసారి తియ్యి" అంది.

"తీసేదా? ముప్పై మందిలో ఇంత నిజంగా ఎవురూ భయపడలే అక్కా. ఇదే ఉంచేస్తాను." భువనేశ్ వెనక్కి తిరిగాడు. "ఏమంటావు అనుప్రియా?"

అనుప్రియ మానిటర్ మీదికి వంగి చాలాసేపు చూసింది.

"ఉంచెయ్యండి సార్" అంది. "కిటికీలో అక్క అచ్చం ఇట్నే ఉండె."